మార్చి జ్వరం

నరసరావుపేటలో వినుకొండ రోడ్డు మీద ఉన్న ఆ డిగ్రీ కాలేజీకి ఏటా మార్చి నెలలో టైఫాయిడ్ వచ్చేది. అల్లాటప్పా టైఫాయిడ్ కాదు, లెక్కలు తెలిసిన టైఫాయిడ్. హాజరు డెబ్బై అయిదు శాతం దాటిన వాళ్ళ జోలికి వెళ్ళేది కాదు. తగ్గిన వాళ్ళను మాత్రం పేరుపేరునా వెతికి పట్టుకునేది. కాగితాల మీద అది మిరపకోతలు మొదలైన వారమే పట్టి, కోతలు అయిపోగానే వదిలిపెట్టేది. స్టేషన్ రోడ్డులో ఒక డాక్టరుగారు ఆ జబ్బుకు సర్టిఫికెట్లు రాసి రాసి చెయ్యి తిరిగిన మనిషి. పిల్లలు అవి తెచ్చి ఆఫీసులో ఇచ్చేవారు. ఆఫీసు వాళ్ళు ముఖం మీద నవ్వు కనిపించకుండా తీసుకునేవారు. హాల్‌టికెట్లు వచ్చేవి. అందరికీ తెలిసిన అబద్ధం కాబట్టి ఎవరికీ ఏ ఇబ్బందీ ఉండేది కాదు.

ఇబ్బంది తెచ్చిపెట్టింది బాలశౌరి మాస్టారు. పాఠం చెప్పి తెచ్చిపెట్టాడు.

బాలశౌరి ఆ కాలేజీలో సోషియాలజీ చెబుతాడు. వైస్ ప్రిన్సిపాల్ కూడా. ప్రిన్సిపాల్ గారు మోకాళ్ళ ఆపరేషన్‌కు సెలవు పెట్టడంతో ఆ కుర్చీ పనులూ ఆయన నెత్తినే పడ్డాయి. సిలబస్‌లో ఫ్రాంక్‌ఫర్ట్ స్కూల్ అనే పాఠం అరపేజీ ఉంటుంది. దాన్ని ఆయన వారాల తరబడి చెప్పేవాడు. మిగిలిన పాఠాలు గంట కొట్టేదాకా చెప్పేవాడు, ఇది మాత్రం గంట కొట్టినా చెప్పేవాడు. ఆ గంటల్లో ఆయన గొంతు మారేది. సుద్దముక్క వేళ్ళ మధ్య తిప్పుతూ కిటికీ దగ్గరికీ బోర్డు దగ్గరికీ తిరిగేవాడు.

"స్కూలంటే గంటలు కొట్టే బడి కాదు. ఒకే ప్రశ్నతో తలలు బద్దలు కొట్టుకున్న కొంతమంది మనుషులు. ఫ్రాంక్‌ఫర్ట్ అనే ఊళ్ళో, గోధుమలు అమ్మి సంపాదించిన ఒక షావుకారు డబ్బుతో ఒక ఇనిస్టిట్యూట్ పెట్టారు. షావుకార్లు మనుషుల్ని ఎట్లా నలిపేస్తారో పరిశోధించడానికి షావుకారు డబ్బే ఆధారం."

"మన కాలేజీ మిరపకాయల డబ్బుతో పెట్టినట్టు గదా సార్?" అంది ముందు బెంచీలోంచి అంజుమ్. పిడుగురాళ్ళలో లారీలు బాగుచేసే మెకానిక్ కూతురు, నోరు ఊరుకోదు. క్లాసంతా నవ్వింది. కాలేజీ కరస్పాండెంట్ ఉపేంద్రగారు మిరప వ్యాపారి. రెండు కోల్డ్ స్టోరేజీలున్నాయి, నూజెండ్ల వైపు పొలాలున్నాయి. బాలశౌరి కూడా నవ్వాడు. ఆ పోలిక ఆయనకు ముందే తెలుసు, పిల్లల నోటితో రావాలని చూస్తున్నాడు.

"వాళ్ళను పట్టుకున్న ప్రశ్న ఒక్కటే. కడుపు కాలినవాడు ఎందుకు తిరగబడడు? తిరగబడకపోగా తనను తొక్కేవాడికే ఎందుకు దండ వేస్తాడు? ఆకలి పెరిగితే మనిషికి తెలివి వస్తుందని అప్పటిదాకా అనుకున్నారు. రాలేదు. వీళ్ళు పోయి జర్మనీలో కార్మికుల్ని అడిగారు. మీటింగులో జెండా పట్టుకున్నవాడే ఇంటికొచ్చి పెళ్ళాం పిల్లల మీద బెత్తం ఆడిస్తున్నాడు. ఇట్లాంటివాడు రేపు ఇంకా పెద్ద బెత్తంతో వచ్చినవాడి కాళ్ళ మీద పడతాడని వాళ్ళకు భయం వేసింది. పడ్డాడు కూడా. హిట్లర్ వచ్చాడు, ఇనిస్టిట్యూట్‌కు తాళం పడింది. వాళ్ళలో ఎక్కువమంది యూదులు. ప్రాణాలు అరచేతిలో పెట్టుకుని జెనీవా పోయారు, అట్నుంచి న్యూయార్క్ పోయారు. అక్కడ బెత్తం లేదు. సినిమా ఉంది, రేడియో ఉంది. పగలంతా మిషన్ దగ్గర అరిగిపోయినవాడిని సాయంత్రం కాస్త నవ్వించి, మర్నాడు మళ్ళీ మిషన్ దగ్గరికి తోలే ఫ్యాక్టరీ ఇది అన్నారు."

వెనక బెంచీల్లో ఒకటి రెండు ఫోన్లు జేబుల్లోకి జారాయి.

"మనిషికి బుద్ధి ఎందుకుంది? ఏది న్యాయం అని అడగడానికి. దాన్ని ఎంత, ఎన్ని, ఎంత శాతం అని లెక్కపెట్టడానికి మాత్రమే వాడారనుకోండి, లెక్కకు దొరికిందే నిజమైపోతుంది. మన గుమ్మం దగ్గర వేలిముద్ర మిషన్ ఉంది. దానికి మీ వేలు కావాలి. ఆ వేలు ఉన్న మనిషికి ఏమైందో దానికి అక్కర్లేదు."

"నా వేలు దానికి పట్టదు సార్," అంది నిస్సీ. మూడో బెంచీ చివర కూర్చునే నూజెండ్ల పిల్ల. క్లాసులో ఎప్పుడో గాని మాట్లాడదు. "కోతలకు పోయొచ్చినాక గీతలు కనపడవు."

అందరూ నవ్వారు. బాలశౌరి నవ్వలేదు. ఆ మాట ఆయనకు చాలా నచ్చింది. నచ్చిన ఊపులోనే అసలు ఉదాహరణ బయటికి తీశాడు.

"మీ టైఫాయిడ్ సర్టిఫికెట్ ఉంది చూశారా. అది అబద్ధమని ఇచ్చేవాడికి తెలుసు, పుచ్చుకునేవాడికి తెలుసు, సంతకం పెట్టే నాకూ తెలుసు. నమ్మి మోసపోతే అది అమాయకత్వం. ఒక్కడూ నమ్మకుండా అందరూ తలవంచుతున్నారంటే, అదీ అధికారం అంటే. జబ్బు చేసిందంటే క్షమిస్తారు, కష్టం చేశానంటే క్షమించరు. ఎందుకు? ఒక్కరైనా అడిగారా?"

క్లాసు నిశ్శబ్దమైంది. ఆ నిశ్శబ్దం కోసమే ఆయన సంవత్సరమంతా ఎదురుచూసేవాడు. తర్వాత ఒక్క వాక్యంలో కథ ముగించేవాడు. యుద్ధం అయ్యాక వాళ్ళు అదే ఊరికి తిరిగొచ్చారు, కొత్త బిల్డింగ్ లేచింది, వాళ్ళ పాఠాలు వినడానికి కుర్రాళ్ళు హాలు పట్టనంతమంది వచ్చారు. ఏటా అక్కడే ఆపేవాడు.

"తిరిగొచ్చినాక ఏం జేశారు సార్?" అని అడిగింది నిస్సీ.

"అది పరీక్షకు రాదులే అమ్మా," అని ఆయన సుద్దపొడి దులుపుకున్నాడు.

ఉగాది దాటాక, కోతలు చివరికొచ్చే రోజుల్లో నిస్సీ డిపార్ట్‌మెంట్ గదికి వచ్చింది. గుమ్మం బయటే చెప్పులు విడిచింది. ఆమె గోళ్ళ అంచుల్లో ఎర్రటి గీత ఇంకా పోలేదు. కాగితం చాపి, అది ఆయన చదివేదాకా బీరువా పక్కన నిలబడింది.

"గౌరవనీయులైన ప్రిన్సిపాల్ గారికి. జనవరి నుంచి నేను తరగతులకు సరిగా రాలేకపోయాను. నాకు ఏ జబ్బూ చేయలేదు. మా అమ్మతో, నాయనమ్మతో కలిసి మిరపకోతలకు పోయాను. ఎక్కువ రోజులు మన కరస్పాండెంట్ గారి చేలోనే కోశాను. ఆ రోజుల్లో నేను ఎక్కడున్నానో వారి మేస్త్రికి తెలుసు. కాబట్టి నా హాజరు విషయం వారినే విచారించి, హాల్‌టికెట్ ఇప్పించవలసిందిగా కోరుతున్నాను."

బాలశౌరి రెండోసారి చదివాడు. ఇన్నేళ్ళుగా గోడలకు చెబుతున్నాననుకున్న పాఠం ఒక మనిషి చెవిన పడింది. మంచి మాస్టారైతే ఆ క్షణంలో ఆ పిల్లను కూర్చోబెట్టి, దీనివల్ల ఏం జరుగుతుందో చెప్పేవాడు. బాలశౌరికి తన పాఠం మీద ప్రేమ ఎక్కువ. "శభాష్!" అన్నాడు. ఆకుపచ్చ ఇంకు పెన్ను తీసి కింద "పైకి పంపడమైనది" అని రాసి, పొడుగ్గా సంతకం చేశాడు.

"ఏమన్నా అవుద్దా సార్?" అని అడిగింది నిస్సీ. "డిగ్రీ అయితే మా నూజెండ్లలోనే గ్రామ సచివాలయంలో ఏదన్నా ఉద్యోగానికి రాసుకుంటా. మా నాయనమ్మ ఆ ఒక్కదాని మీదే ఉంది."

"ఏమవుతుంది? నేనున్నాను గదా."

ఆ మాట పట్టుకుని ఆ పిల్ల చెప్పులేసుకుని వెళ్ళింది. మర్నాటికి అంజుమ్ రాసింది. అంజుమ్ కోతలకు పోలేదు, తండ్రి షెడ్డులో చిల్లర సామాను అమ్మింది, అదే రాసింది. ఆ తర్వాత కోతలకు పోయినవాళ్ళు, సున్నపు బట్టీల దగ్గర పనికి పోయినవాళ్ళు వరసగా రాశారు. ఆ ఏడు స్టేషన్ రోడ్డు డాక్టరుగారికి బేరం తగ్గింది. బాలశౌరి ఒక్కో కాగితం మీదా ఆకుపచ్చ సంతకం పెట్టి, ఇంటికి పోయి భార్య కృపామణికి చదివి వినిపించాడు. ఆమె గవర్నమెంట్ స్కూలు టీచరు. "బాగానే ఉంది గానీ, ఉపేంద్రగారు చూడకముందే ఆపితే మంచిది," అని ఊరుకుంది.

ఉపేంద్రగారు చూశారు. కబురొచ్చింది.

ఆయన గదిలో టేబుల్ నిండా మిరపకాయల శాంపిల్ పొట్లాలు. ఒక్కో కాయ తీసి మధ్యకు విరిచి, ముక్కు దగ్గర పెట్టుకుని, గింజలు కాగితం మీద రాల్చి రంగు చూసి పక్కన పడేస్తున్నారు. బాలశౌరి కూర్చున్నాక కూడా ఆ పని ఆపలేదు.

"పాఠం చానా బాగా చెప్తున్నారంట మాస్టారూ. పిల్లలు చెప్పుకుంటున్నారు," అన్నారు. "ఆ నూజెండ్ల పిల్ల మా చేలో కోసింది. నేను కాదనను. మంచి పిల్ల, తాలుకాయ ఒక్కటి కలవనీదు. కోసింది, కూలిచ్చాం. కూలీ తీసుకుని హాజరు కూడా మమ్మల్నే అడిగితే ఎట్టాగండీ?"

"వాళ్ళు నిజమే రాశారు సార్."

"నిజం కాదని ఎవరన్నారు? నిజం నోటితో చెప్పుకోవచ్చు. కాగితం మీద పెడితే అది రేపు యూనివర్సిటీ వాళ్ళ చేతుల్లో పడుద్ది. క్లాసులో ఉండాల్సిన పిల్లలు కరస్పాండెంట్ చేలో ఉన్నారని పేపరోడు రాస్తాడు. దానికింద మీ సంతకం." ఇంకో కాయ విరిచారు. "ప్రిన్సిపాల్ గారు ఆపరేషన్ అయినాక ఇంక రానంటున్నారు. జూన్ నుంచి ఆ కుర్చీలో మీరే అని కమిటీలో అనుకున్నాం. మీరు కాక ఇంకెవరున్నారు? ఆ కాగితాలు ఎవరివి వాళ్ళకు తిరిగిచ్చి, మామూలుగా సర్టిఫికెట్లు తెమ్మనండి. పరీక్షలు దగ్గరికొచ్చినై."

ఆ గదిలోంచి బయటికొచ్చిన బాలశౌరికి వరసగా తుమ్ములు పట్టుకున్నాయి. వరండాలో నిలబడి ముక్కు తుడుచుకుంటూ, పిల్లలకు ఎట్లా చెప్పాలా అని ఆలోచించాడు. ఎట్లా చెప్పకుండా ఉండాలా అని ఒక్కసారైనా ఆలోచించాడో లేదో మనకు తెలియదు.

చెప్పడం మాత్రం బాగానే చెప్పాడు. ఇది వ్యూహం అన్నాడు. ముందు పరీక్ష గట్టెక్కాలి, పోరాటం తర్వాతైనా చేయవచ్చు అన్నాడు. పిల్లలు ఆయన ముఖం వంక చూస్తూ విన్నారు. మర్నాడు పొద్దున ఆయన వచ్చేసరికి డిపార్ట్‌మెంట్ గదిలో నేల మీద బాసింపట్టు వేసుకుని కూర్చున్నారు. అరుపుల్లేవు, జెండాల్లేవు. అంజుమ్ తెచ్చిన పులిహోర డబ్బా మధ్యలో ఉంది. హాల్‌టికెట్లు ఉన్న బీరువాకు వీపు ఆనించి నిస్సీ కూర్చుంది.

"ఇక్కడెందుకు కూర్చున్నారు?" అన్నాడు బాలశౌరి.

"ఆఫీసులో అయితే గెంటేస్తారు సార్. ఇది మన గది గదా," అంది అంజుమ్.

"మాకేం వద్దు సార్. మీరు కూడా మాతో కూర్చోండి. మీరు కూర్చుంటే ఆయనేం చేయలేడు," అని నిస్సీ కాస్త జరిగింది. బీరువా పక్కన ఒక మనిషి కూర్చునేంత చోటు ఏర్పడింది.

బాలశౌరి ఆ చోటు వంక చూశాడు. తెల్లటి పంట్లాం వేసుకున్నాడు ఆ రోజు. ఏదో చెప్పబోయాడు. జేబులో ఫోను మోగింది. ఉపేంద్రగారి గొంతు ఎప్పటిలాగే మెత్తగా ఉంది. "పోలీసుల్ని నేను పిలిస్తే యజమాని పిలిపించినట్టు ఉంటది మాస్టారూ. మీరు పిలిస్తే ఇంటి పెద్ద పిలిచినట్టు ఉంటది. పిల్లలకూ మర్యాద. కాలేజీ ఇప్పుడు మీ చేతుల్లో ఉంది గదా."

ఆయన వరండా చివరికి, మంచినీళ్ళ డ్రమ్ము దాకా నడిచాడు. అటెండర్ జయకర్ అక్కడ గ్లాసులు కడుగుతున్నాడు. బాలశౌరి అతనికి వీపు తిప్పి, ఫోనులో స్టేషన్ నంబరు వెతికాడు. ఏటా చెప్పకుండా ఆపేసే ఆ చివరి అధ్యాయం ఆ డ్రమ్ము దగ్గర ఆయనకు అక్షరం పొల్లుపోకుండా గుర్తొచ్చింది. గుర్తొచ్చినా నంబరు నొక్కాడు. "పిల్లలే సార్, మంచి పిల్లలే. కాస్త మెల్లగా," అన్నాడు. జయకర్ కడిగిన గ్లాసునే మళ్ళీ కడిగాడు.

పోలీసులు మెల్లగానే వచ్చారు. ఎస్సై నవ్వుతూ మాట్లాడాడు. మగపిల్లలు ముందు లేచారు. అంజుమ్ పులిహోర డబ్బా మూత పెట్టుకుని లేచింది. నిస్సీ లేవలేదు. బీరువా పిడి రెండు చేతులతో పట్టుకుంది. మహిళా కానిస్టేబుల్ ఆమె వేళ్ళను ఒక్కొక్కటే విప్పింది. విప్పుతున్నంతసేపూ నిస్సీ ఆ కానిస్టేబుల్ వంక చూడలేదు, గుమ్మంలో నిలబడిన మాస్టారి వంకే చూసింది. కోపంగా చూసినా బాగుండేది. ఆయన ఇంకా ఏదో చేస్తాడని ఎదురుచూస్తున్నట్టు చూసింది. జీపు వెళ్ళాక గుమ్మం బయట ఆమె చెప్పులు ఉండిపోయాయి. జయకర్ వాటిని తీసి కిటికీ కింద పెట్టాడు.

సాయంత్రానికి తల్లిదండ్రుల్ని పిలిపించి, హెచ్చరించి వదిలేశారు. కేసు లేదు. ఆ సంగతి బాలశౌరి ఇంట్లో రెండుమూడు సార్లు చెప్పాడు, కేసు లేదని.

కృపామణి అన్నం వడ్డిస్తూ విన్నది. "మీ జర్మనీ వాళ్ళకు ఇట్టాంటిదొస్తే ఏం జేశారంట?" అంది.

"మజ్జిగ పొయ్యి," అన్నాడు బాలశౌరి.

మర్నాటి నుంచి టైఫాయిడ్ తిరగబెట్టింది. ఒకరి వెనక ఒకరు వచ్చారు. కాగితం టేబుల్ మీద పెట్టి, హాల్‌టికెట్ తీసుకుని పోతున్నారు. అంజుమ్ కూడా తెచ్చింది. "జొరం వచ్చింది సార్. చానా పెద్ద జొరం," అంది, రెప్ప వేయకుండా. ఇంతకుముందు సర్టిఫికెట్లు ఇచ్చేటప్పుడు పిల్లల పెదాల మీద చిన్న నవ్వు ఉండేది, అది ఈసారి ఒక్కరి ముఖంలోనూ లేదు. బాలశౌరికి ఆ నవ్వు కావాలనిపించింది. అది ఉన్నంతకాలం తనూ వాళ్ళూ ఒకే వైపు ఉన్నట్టుండేది.

చివరికి బీరువాలో ఒక్క హాల్‌టికెట్ మిగిలింది. నిస్సీ రాలేదు. ఫోను చేస్తే ఎత్తలేదు. పరీక్ష రేపనగా బాలశౌరి స్టేషన్ రోడ్డుకు తనే పోయాడు. డాక్టరుగారు లేచి కుర్చీ వేశారు. "మీరే వచ్చారా! ఎవరికి?" అని గలగలా నవ్వి, పేరు అడిగి రాసిచ్చారు. ఆ కాగితాన్నీ హాల్‌టికెట్‌నూ చొక్కా జేబులో పెట్టుకుని, కాలేజీకి వెళ్ళకుండా వినుకొండ బస్సెక్కాడు. అక్కడ నుంచి నూజెండ్లకు ఆటో. దారి పొడుగునా కల్లాల్లో కాయ ఎర్రగా ఆరబోసి ఉంది. ఎండకు ఆ ఘాటు ఆటోలోకి కొట్టి అందరూ దగ్గుతున్నారు. జేబు మీద చెయ్యి వేసుకుని కూర్చున్న బాలశౌరికి మాత్రం ప్రాణం కాస్త తెరిపినపడింది. ఒక పిల్ల ఏడాదిని కాపాడబోతున్నాడు గదా.

నిస్సీ ఊరి బయట ఒక కల్లంలో ఉంది. ఆడవాళ్ళు తలలకూ ముక్కులకూ గుడ్డలు చుట్టుకుని, గుట్ట చుట్టూ కూర్చుని తాలుకాయలు ఏరుతున్నారు. ఎర్రకాయ ముందుకు, తెల్లబారిన తాలు పక్కకు. చేతులు ఆగకుండా కదులుతున్నాయి. గుడ్డల్లోంచి కళ్ళు మాత్రమే కనిపిస్తుంటే ఎవరు నిస్సీయో ఆయనకు తెలియలేదు. ఆమే గుర్తుపట్టి, లేవకుండా, "ఇట్టా కూర్చోండి సార్," అంది. పక్కనున్న ముసలావిడ గోనెపట్టా ఒకటి ఆయన వైపు తోసింది. నిస్సీ నాయనమ్మ, వెంకాయమ్మ.

ఈసారి ఆయన కూర్చున్నాడు. కూర్చున్నాక చేతులు ఏం చేసుకోవాలో తెలియక గుట్టలోంచి కాయలు తీసి ఏరసాగాడు. చిన్నప్పుడు చేసిన పనే, వేళ్ళు మరిచిపోలేదు.

"పిల్లల్ని పోలీసోళ్ళకి పట్టిచ్చిన సారువి నువ్వేనా అయ్యా?" అంది వెంకాయమ్మ.

"నాయనమ్మా, ఊరుకో," అంది నిస్సీ.

"నేనేం తిట్టలేదే. అడిగినా." ముసలావిడ తాలుకాయ పక్కకు విసిరింది. "ఆ ఉపేంద్రగారు మా కూలి ముఠాని చేలోకి రావద్దన్నాడు. ఆఖరు కోత వేరే ఊరోళ్ళతో కోయిచ్చుకున్నాడు. ఇప్పుడు మేం వీళ్ళ కల్లానికీ వాళ్ళ కల్లానికీ ఎగబడతన్నాం. పిల్లకి చదువు చెప్పమని పంపిస్తే మాకు పని లేకుండా చేసి పంపిచ్చారు."

బాలశౌరి జేబులోంచి కాగితాలు తీశాడు. "రేపు పరీక్ష. నువ్వు దేనికీ తిరగక్కర్లేదమ్మా, అన్నీ నేనే చేసుకొచ్చాను. దీని మీద చిన్న సంతకం పెట్టు, చాలు."

నిస్సీ చేతులు గుడ్డకు తుడుచుకుని సర్టిఫికెట్ పట్టుకుంది. తన పేరు చదువుకుంది. జనవరిలో పట్టిన జ్వరం, మార్చిలో తగ్గిన జ్వరం చదువుకుంది.

"ఇది లేకుండా హాల్‌టికెట్ ఇయ్యరా సార్?"

"అట్లా ఇస్తే..."

"ప్రిన్సిపాల్ గారి బదులు ఇప్పుడు మీరే గదా. మీ సంతకం ఒక్కటే గదా కావాల్సింది."

గుట్ట చుట్టూ చేతులు కదులుతూనే ఉన్నాయి గాని మాటలు ఆగిపోయాయి. బాలశౌరి కాయ తర్వాత కాయ ఏరాడు. ఆ పిల్ల అడిగిందాంట్లో తప్పు లేదు. హాల్‌టికెట్ జేబులోనే ఉంది, ఆకుపచ్చ పెన్నూ జేబులోనే ఉంది. జూన్ నెల కూడా ఎక్కడో అక్కడే ఉంది.

నిస్సీ కాసేపు చూసి, సర్టిఫికెట్‌ను మడిచిన మడత మీదే మళ్ళీ మడిచి ఆయన పక్కన గోనెపట్టా మీద పెట్టింది.

"సరేలెండి సార్. ఇంత దూరం వచ్చారు, ఆ పాఠమన్నా పూర్తి చెయ్యండి. వాళ్ళు తిరిగొచ్చినాక ఏమైంది?"

"ఇప్పుడెందుకమ్మా?"

"పరీక్షకు రాదన్నారు గదా. నేను పరీక్షకు పోవట్లా. నాకు చెప్పొచ్చు."

బాలశౌరి చెప్పాడు. క్లాసులో తిరిగినట్టు తిరగడానికి అక్కడ చోటు లేదు. తలవంచుకుని, కాయలు ఏరుతూ చెప్పాడు. కొన్నేళ్ళు బాగానే జరిగింది. ఆ పాఠాలు విన్న కుర్రాళ్ళు పెద్దవాళ్ళయ్యారు. విన్నదాన్ని చేసి చూడాలనుకున్నారు. మాస్టర్లు, ఇప్పుడు కాదు, ఇట్లా కాదు అన్నారు. అరవై తొమ్మిదిలో, చలికాలంలో, ఆ పిల్లలు వెళ్ళి ఇనిస్టిట్యూట్‌లోనే కూర్చున్నారు. అది తమదేననుకున్నారు.

"మరి అక్కడి పెద్ద సారు?" అంది నిస్సీ.

"పోలీసుల్ని పిలిచాడు."

ఒకామె గుడ్డలోంచి దగ్గింది. నిస్సీ చేతులు మాత్రం ఆగలేదు.

"మీకు ఇది ముందే తెలుసా సార్?"

"తెలుసు."

"తెలిసే పిలిచారా?"

ఆయన తల ఊపాడు. ఒప్పుకుంటే బరువు తగ్గుతుందని ఆశ పడ్డాడు గాని తగ్గలేదు.

"ఆ తర్వాత ఆ సారు ఏమయ్యాడు?"

"మళ్ళీ పాఠం చెప్పబోతే పిల్లలు చెప్పనివ్వలేదు. అవమానించారు. ఆ ఏడే ఎండాకాలంలో గుండె ఆగి చనిపోయాడు."

నిస్సీ మొదటిసారి చేతులు ఆపింది. ముఖం మీది గుడ్డ కిందికి లాగి ఆయన వంక చూసింది. ఆ చూపులో వెటకారం లేదు. పెద్దవాళ్ళను సముదాయించే చూపు.

"మీకేం గాదులెండి సార్," అంది. "మీరు ప్రిన్సిపాల్ అవుతారు."

గుడ్డ మళ్ళీ ముక్కు మీదికి లాక్కుని పనిలో పడింది. వెంకాయమ్మ లేచి చెంబుతో నీళ్ళు తెచ్చిచ్చింది. ఆయన తాగాడు. బస్సులో తెలియక కన్ను నలుపుకున్నాడు, నరసరావుపేట వచ్చేదాకా ఆ కంటి నుంచి నీళ్ళు కారుతూనే ఉన్నాయి. పక్క సీటాయన ఏంది మాస్టారూ అని అడిగితే మిరపకాయ అన్నాడు. ఆ ఒక్క మాట నిజమే చెప్పాడు.

మర్నాడు పరీక్ష మొదలైంది. బాలశౌరి గదులన్నీ తిరిగాడు. ఒక బల్ల మీద నంబరు వేసి ఉంది, ప్రశ్నపత్రం బోర్లించి ఉంది, మనిషి లేదు. ఇన్విజిలేటర్ ఆ పత్రం తీసి పక్కన పెట్టాడు. వెనక వరసలో అంజుమ్ తలెత్తి ఆ బల్ల వంక చూసి, మళ్ళీ రాసుకోసాగింది.

ఆయన తన గదికి వచ్చి కూర్చున్నాడు. కిటికీ కింద చెప్పులు అట్లాగే ఉన్నాయి. జయకర్ ఒక కాగితం తెచ్చి ముందు పెట్టాడు.

"నిన్న మీరు రాలేదు గదా సార్. సెలవు కాగితం రాసిమ్మన్నారు ఉపేంద్రగారు. ఊరికే, రూలు కోసమంట. ఎందుకు రాలేదో ఆ గీత మీద రాస్తే చాలు."

బాలశౌరి ఆకుపచ్చ పెన్ను తీశాడు. వేళ్ళ కొసలు ఇంకా మండుతున్నాయి. నూజెండ్ల పోయానని రాయవచ్చు. తాలుకాయలు ఏరానని రాయవచ్చు. రాస్తే ఏమవుతుందో ఆయనకంటే బాగా చెప్పగలవాడు పల్నాడు మొత్తంలో లేడు. ఆ గీత మీద "జ్వరం" అని రాశాడు. కింద పొడుగ్గా సంతకం చేశాడు.

జయకర్ ముఖం మీద నవ్వు కనిపించకుండా ఆ కాగితం తీసుకుని వెళ్ళాడు.